వెటర్నరీ డాక్టర్ అంటే హడలిపోయే కుక్కలు, పిల్లులు: ఏం చేయాలి?

గేటు దగ్గరే మొండికేస్తుంది
బండి ఎక్కించేది సూది వేయించడానికే అయితే ఏ కుక్కైనా అంతే. పనేమీ లేని రోజు తీసుకెళ్లి, తూకం మిషన్ మీద నిలబెట్టి, ఓ చికెన్ ముక్క పెట్టి వెనక్కి తెచ్చేయండి. ఇలా అప్పుడప్పుడూ చేస్తుండాలి, ఒక్కసారితో పోదు.

లోపల కిక్కురుమనదు, "ఎంత బుద్ధిమంతురాలో" అంటారు
సరిగ్గా చూడండి. నిద్ర రాకున్నా ఆవలిస్తుంది, మూతి నాక్కుంటుంది, తల తిప్పకుండా కంటి కొసతో చూస్తుంటే తెల్లగుడ్డు కనబడుతుంది, ప్రాణమైన చికెన్ ఇచ్చినా ముట్టదు. అది బుద్ధి కాదు, భయంతో బిగుసుకుపోవడం. మిగతా కుక్కల మధ్య కూర్చోబెట్టకుండా బయటే ఉండి, నంబర్ వచ్చాక ఫోన్ చేయమని అడగండి.

టేబుల్ ఎక్కించగానే గుర్రుమంటుంది
సగం కేసుల్లో దోషం స్టీల్ టేబుల్‌దే అంటాను, కాళ్లు జారిపోతుంటే ఎవరికి మాత్రం టెన్షన్ ఉండదు! ఇంట్లో పడుకునే రబ్బరు మ్యాట్ పట్టుకెళ్లండి, లేదా నేల మీదే చూడమని అడగండి. చెవో నడుమో, ఒకేచోట ముట్టుకున్నప్పుడే గుర్రుమంటే మాత్రం అక్కడ నొప్పి ఉందేమో చూపించాలి. గుర్రుమన్నందుకు దయచేసి కొట్టొద్దు, ఆ హెచ్చరిక మానేసిన కుక్క ఈసారి చప్పుడు చేయకుండా కరుస్తుంది.

కరిచే అలవాటుంటే మూతికి తొడిగే బుట్టలాంటి మజిల్ కొనండి. మూతిని బిగించేసే గుడ్డ మజిల్‌తో కుక్క నోరు తెరిచి రొప్పలేదు, మన ఎండల్లో అది ప్రమాదం. లోపల కాస్త పెరుగు రాసి, దానంతట అదే మూతి పెట్టేదాకా ఇంట్లోనే అలవాటు చేయండి.

పిల్లి బుట్ట చూడగానే మంచం కిందికి
బుట్టని అటక మీంచి దించేది ఆస్పత్రికే కాబట్టి. ఎప్పుడూ హాల్లోనే ఉంచండి, అందులోనే అన్నం పెట్టండి. పైమూత ఊడేది కొంటే కింది భాగంలో కూర్చోబెట్టే పరీక్ష చేయొచ్చు. దారిలో పైన తువ్వాలు కప్పండి. ఇంకోటి, భయపడ్డ పిల్లికి రక్తంలో షుగర్ పెరుగుతుంది, ఒక్క రీడింగ్‌తోనే డయాబెటిస్ అని తేల్చేయకూడదు.

ఇవన్నీ చేసినా వణుకు తగ్గలేదు
ముందురోజే డాక్టర్‌ని అడగండి. భయం తగ్గించే గాబాపెంటిన్ లాంటి మందులు సుమారు 2 గంటల ముందు ఇంట్లోనే వేయమని రాస్తారు. మోతాదు డాక్టరే చెప్పాలి, మనుషుల సిరప్ అసలు వద్దు, కొన్నిట్లో తీపి కోసం వేసే జైలిటాల్ ఉంటుంది, అది కుక్కలకు విషం. అయినా కుదరకపోతే, గోళ్లు కత్తిరించడం లాంటివి ఇంకో రోజుకి వాయిదా వేయమనండి. ఊపిరాడకపోవడం, మూత్రం బిగిసిపోవడం లాంటివైతే భయం సంగతి తర్వాత, వెంటనే తీసుకెళ్లండి.