యానాం నడిచి చూడాలంటే

పొద్దున్న ఆరున్నరకే గౌతమి గట్టు మీదికి చేరండి. తొమ్మిది దాటితే ఉక్క మొదలై, గైడు చెప్పేది చెవికెక్కదు.

గైడుని ఏటి ఒడ్డుతోనే మొదలెట్టమనండి. గౌతమి నుంచి కోరంగి పాయ చీలేది ఇక్కడే. ఆ చీలిక కళ్ళతో చూస్తే, 1723లో ఫ్రెంచివాళ్ళు వర్తక స్థావరానికి ఈ ఊరే ఎందుకు ఎంచుకున్నారో సగం అర్థమైపోతుంది. చాలామంది నేరుగా చర్చికి పోయి ఫొటోలు తీసుకుని, వర్తక ఓడల సంగతే మరిచిపోతారు. 1846 నాటి ఆ చర్చి తర్వాత చూసుకోవచ్చు, ఆదివారం మాత్రం వద్దు. ప్రార్థన జరుగుతుంటే లోపల తిరగడం బాగోదు.

గైడు గారికి ముందే రెండు మాటలు చెప్పండి: రెండు గంటలు మించకూడదు, గుంపు పదిమంది దాటకూడదు. దాటితే ఆటోల హారన్లలో వెనకవాళ్ళకి ఒక్క ముక్కా వినపడదు. యానాంకి "కల్యాణపురం" అనే పేరు ఎలా వచ్చిందో తప్పక అడగండి. బాల్యవివాహాల్ని అడ్డుకున్న 1929 శారదా చట్టం అప్పట్లో ఈ ఫ్రెంచి గడ్డ మీద చెల్లేది కాదు గనక బ్రిటిషు వైపు నుంచి అలాంటి పెళ్ళిళ్ళకి ఇక్కడికొచ్చేవారు.

వానపడ్డాక గట్టు దిగకండి. ఒండ్రు సబ్బులా జారుతుంది, నున్నటి అడుగు చెప్పులైతే మరీ.

పక్కనే కదా అని కోరంగి కూడా కలుపుకుంటారు కొందరు. 1839 తుఫాను ఊడ్చేసిన రేవది. ఓడరేవు కనిపిస్తుందనుకుని వెళ్తే మడ చెట్లే ఎదురొస్తాయి.