డోలొరెస్ డెల్ రియో సినిమాలు: ఏది ముందు, ఏది తర్వాత

మెక్సికో నటి డోలొరెస్ డెల్ రియో సినిమాలు చూద్దామనుకునేవాళ్లు సాధారణంగా 1925 నుంచి వరసగా మొదలుపెట్టి, నాలుగైదు చూసేసరికి విసిగి వదిలేస్తారు. తప్పు వాళ్లది కాదు. హాలీవుడ్ ఆమెకు ఎక్కువగా అందం చూపించే వేషాలే ఇచ్చింది. ఒకసారి ఫ్రెంచ్ పిల్ల, ఒకసారి రష్యా పల్లెపడుచు, ఇంకోసారి పసిఫిక్ దీవి దొర కూతురు. నటిగా ఆమె బలం బయటపడింది 1943లో, 38 ఏళ్ల వయసులో, మెక్సికో తిరిగెళ్లి అక్కడి సినిమాలు చేశాకే. అందుకని మధ్యలోంచి మొదలుపెట్టండి.

ముందు ‘మరియా కాండెలారియా’. దర్శకుడు ఎమిలియో ఫెర్నాండెజ్, కెమెరా గాబ్రియెల్ ఫిగెరోవా, జోడీ పెడ్రో ఆర్మెండారిజ్. మెక్సికోలో సోచిమిల్కో అనే కాలువల ఊళ్లో వెలివేతకు గురైన పూలమ్మే పిల్ల కథ. 1946లో ఫ్రాన్స్‌లోని కాన్ సినిమా ఉత్సవంలో పదకొండు సినిమాలు పంచుకున్న పెద్ద బహుమతి గ్రాండ్ ప్రి దీనికీ దక్కింది. మన చేతన్ ఆనంద్ ‘నీచా నగర్’ కూడా ఆ పదకొండులో ఒకటి. ఫోన్‌లో చూడకండి. ఫిగెరోవా మబ్బుల్నీ నీళ్లనీ పట్టిన తీరు చిన్న తెరమీద సగం పోతుంది. ఈ సినిమా ఏడాది కొన్నిచోట్ల 1943 అని, కొన్నిచోట్ల 1944 అని కనిపిస్తుంది. తీసిన ఏడాదికీ విడుదలకీ ఉన్న తేడా అది, సినిమా ఒకటే.

వెంటనే అదే బృందం అంతకుముందు తీసిన ‘ఫ్లోర్ సిల్వెస్ట్రే’ చూడండి. భూస్వామి కొడుకు, పేదింటి పిల్ల, మధ్యలో మెక్సికో విప్లవం. డురాంగోలో బ్యాంకు అధికారి ఇంట 1904లో పుట్టిన డోలొరెస్ కుటుంబం ఆస్తి పోగొట్టుకుంది ఆ విప్లవంలోనే. అది తెలిసి చూస్తే సినిమా బరువు వేరు.

మూడోది ‘లా ఓత్రా’ (1946, రోబెర్టో గవాల్డోన్). కవలలుగా ద్విపాత్రాభినయం. డబుల్ యాక్షన్ చూసి పెరిగిన మనకు ఇది కొత్త కాదు గానీ, మేకప్ మీద ఆధారపడకుండా ఇద్దరినీ ఎలా వేరు చేసిందో గమనించండి. నా లెక్కలో ఆమె ఉత్తమ నటన ఇదే.

ఇప్పుడు వెనక్కి. ‘రమోనా’ (1928) చాలాకాలం పోయిందనుకున్న మూకీ. చెక్ ఆర్కైవ్‌లో దొరికిన ప్రతినుంచి బాగుచేశారు. తర్వాత ‘బర్డ్ ఆఫ్ పారడైజ్’ (1932), ‘ఫ్లయింగ్ డౌన్ టు రియో’ (1933). రెండోదాంట్లో హీరోయిన్ ఈమే అయినా, జనానికి గుర్తుండిపోయింది తొలిసారి జంటగా ఆడిన ఫ్రెడ్ ఆస్టేర్, జింజర్ రోజర్స్.

వెతికేటప్పుడు పేరు పక్కన ఏడాది తప్పకుండా కొట్టండి. ‘రమోనా’ 1936లోనూ, ‘బర్డ్ ఆఫ్ పారడైజ్’ 1951లోనూ వేరే తారలతో మళ్లీ వచ్చాయి.

మూకీల్లో మనుషులు గబగబా గంతులేస్తున్నట్టుంటే, తక్కువ వేగంతో తీసిన రీలును సెకనుకు 24 ఫ్రేములతో ఎక్కించారన్నమాట. వీఎల్‌సీ అనే వీడియో ప్లేయర్‌లో వేగం 0.9కి, చాలకపోతే 0.8కి తగ్గించి, సంగీతం ఆపేయండి.

స్పానిష్ సినిమాలకు సబ్‌టైటిల్స్‌తోనే అసలు తలనొప్పి. అవి మొదటినుంచి చివరిదాకా ఒకే రెండు సెకన్లు వెనకబడితే వీఎల్‌సీలోనే కీబోర్డు మీది జీ, హెచ్ మీటలతో జరుపుకోవచ్చు. తేడా పోనుపోను పెరుగుతుంటే మాత్రం జరిపి లాభం లేదు: సినిమా 24 ఫ్రేముల్లోనూ, సబ్‌టైటిల్స్ 25 ఫ్రేముల ప్రతికీ ఉన్నాయి. నిమిషానికి దాదాపు రెండున్నర సెకన్లు తప్పుతుంది. సబ్‌టైటిల్ ఎడిటర్‌లో ఫ్రేమ్ రేటు మార్చాలి, లేదా వేరే ఫైలు వెతుక్కోవాలి.

చివరికి మిగిలేవి ‘లా కుకరాచా’ (1959), ‘ఫ్లేమింగ్ స్టార్’ (1960). మొదటిదాంట్లో మెక్సికో మరో మహాతార మరియా ఫెలిక్స్‌తో ఎదురెదురు. రెండోదాంట్లో ఎల్విస్ ప్రెస్లీకి తల్లి. ‘ద చిల్డ్రన్ ఆఫ్ సాంచెజ్’ (1978) ఆమె ఆఖరి సినిమా. అన్నీ చూశాననిపించుకోవాలంటే తప్ప దాని జోలికి పోనక్కర్లేదు.