బిగ్‌ఫుట్‌ కోసం అడవిలో కెమెరా పెట్టేవారికి

బిగ్‌ఫుట్ అంటే ఉత్తర అమెరికా అడవుల్లో ఉందని కొందరు నమ్మే, ఒంటినిండా వెంట్రుకలతో మనిషిలా నడిచే భారీ జీవి. 1967 అక్టోబరు 20న ఉత్తర కాలిఫోర్నియాలోని బ్లఫ్ క్రీక్ దగ్గర ప్యాటర్సన్, గిమ్లిన్ అనే ఇద్దరు బిగ్‌ఫుట్‌దేనంటూ తీసిన ఫిల్ము నిడివి సుమారు ఒక నిమిషం. దాని మీద గొడవ ఇంకా తెగలేదు. కెమెరా ఎంత వేగంతో తిరిగిందో తేలకపోవడం ఇందుకు ఒక కారణం: సెకనుకు 16 ఫ్రేములనుకుంటే ఒక నడక, 24 అనుకుంటే ఇంకో నడక. కాబట్టి కొలతకు అందని వీడియో తీసి లాభం లేదు.

ట్రయల్ కెమెరాను (ఎదుట ఏదైనా కదిలితే తనంతట తానే తీసే కెమెరా) జంతువుల బాట పక్కన, వాగు దాటే చోట చెట్టుకు కట్టండి. బాటకు సూటిగా అడ్డంగా పెడితే కెమెరా మేలుకునేలోపే జంతువు దాటిపోతుంది, వెనక భాగమే పడుతుంది. 45 డిగ్రీలు ఏటవాలుగా తిప్పండి. లెన్సు ఉత్తరానికి ఉంటే ఎండ కొట్టదు. ఎదురుగా ఉన్న రెమ్మలు తీసెయ్యండి. ఎండకు వేడెక్కి గాలికి ఊగే ఫెర్న్ ఆకు ఒక్కటి చాలు, కార్డంతా ఖాళీ వీడియోలతో నిండడానికి. బ్యాటరీలు లిథియంవే వాడండి, ఆల్కలైన్‌వి చలికి త్వరగా నీరసిస్తాయి.

అసలు పని ఇప్పుడుంది. రెండు మీటర్ల కర్రకు ప్రతి 20 సెంటీమీటర్లకు రంగు టేపు చుట్టి, బాట మీద మూడు నాలుగు చోట్ల నిలబెట్టి అదే కెమెరాతో ఫొటో తీయండి. తర్వాత ఏది నడిచినా ఎత్తు లెక్కకట్టొచ్చు. కెమెరా వేలెడు జరిగినా ఈ పని మళ్లీ మొదటికే. 2007లో పెన్సిల్వేనియాలో ట్రయల్ కెమెరాకు చిక్కిన వింత ఆకారాన్ని గజ్జి పట్టిన ఎలుగుబంటి అని అక్కడి వన్యప్రాణి అధికారులు తేల్చారు.

చేతి కెమెరాతో తీస్తుంటే డిజిటల్ జూమ్ ముట్టుకోవద్దు. కనిపించిన ఆకారం వెళ్లిపోయాక మీరున్నచోటు నుంచి కదలకుండా, ఎత్తు తెలిసిన మనిషిని అదే దారిలో నడిపించి తీయండి.

అడుగుజాడ కనిపిస్తే ముందు పక్కన స్కేలు పెట్టి, నిట్టనిలువుగా పైనుంచి ఫొటో. ఎలుగుబంటి వెనక పాదం ముందు పాదం గుర్తు మీద పడితే అచ్చం పెద్ద మనిషి అడుగులా ఉంటుంది. గోళ్ల గాట్లు వెతకండి. దాని పెద్దవేలు బయటివైపు ఉంటుంది. తర్వాత రెండు పాళ్లు ప్లాస్టర్ ఆఫ్ పారిస్, ఒక పాలు నీళ్లు కలిపి అంచు నుంచి నెమ్మదిగా పోయండి. నేరుగా పోస్తే వేళ్ల గుర్తులు చెదిరిపోతాయి. ఒక్క అచ్చుతో సరిపెట్టకండి. వరసగా నాలుగైదు తీసి పోల్చండి: ఎవరో చెక్కపాదంతో వేసిన దొంగ అడుగులైతే వేళ్ల ఎడం ఎక్కడా మారదు. 1958లో బ్లఫ్ క్రీక్‌లో సంచలనమైన అడుగులు తమ ఇంటి పెద్ద చెక్కపాదాలతో వేసినవేనని, అక్కడ రోడ్డు పనులు చేయించిన కాంట్రాక్టరు రే వాలెస్ కుటుంబం 2002లో చెప్పింది.

వెంట్రుకలు దొరికితే గ్లవ్స్ వేసుకుని, పట్టకారుతో తీసి కాగితం కవరులో వేయండి. ప్లాస్టిక్ సంచిలో చెమ్మ చేరి డీఎన్ఏ పాడవుతుంది.