స్లో కుక్కర్ పాఠాలు – 3: దప్పళంలో పులుపు ఎప్పుడు పోయాలి?

స్లో కుక్కర్ అంటే కరెంటుతో తక్కువ వేడి మీద గంటల తరబడి వండే పింగాణీ కుండ. మొదటి పాఠంలో దాన్ని ఎంతవరకు నింపాలో చూశాం, రెండో పాఠంలో ముద్దపప్పు వండాం. ఈసారి ఆ పప్పుకు జోడీగా దప్పళం, అంటే రకరకాల కూరగాయల పులుసు. అందులో పప్పు వేస్తారా వెయ్యరా అన్నది ఇంటింటికీ ఉన్న తగువు కాబట్టి దాని జోలికి పోను. నేను వెయ్యను, పక్కన ముద్దపప్పు ఎలాగూ ఉంది.

స్టవ్ మీద పులుసు కాచేవాళ్లు ముక్కలు, చింతపండు రసం, ఉప్పు, బెల్లం అన్నీ గిన్నెలో వేసేసి పెద్ద మంట మీద మరిగిస్తారు. చక్కగా కుదురుతుంది కూడా. అదే పద్ధతిలో స్లో కుక్కర్లో పెడితే మాత్రం ఆరు గంటల తర్వాత కూడా ముల్లంగి పంటి కింద గట్టిగా తగులుతుంది. గుమ్మడికాయ పైన మెత్తబడినట్టే ఉండి లోపల పట్టుగా ఉంటుంది. చాలామంది అక్కడితో విసిగిపోయి, ఇది కూరలకు పనికిరాదని కుక్కర్‌ని అటక మీదికి ఎక్కించేస్తారు. తప్పు కుక్కర్‌ది కాదు, చింతపండు పోసిన వేళది.

కూరగాయ గట్టిగా ఉండటానికి కారణం దాని కణాలను అతికించి పట్టుకునే పెక్టిన్. అది బాగా కరగాలంటే దాదాపు 85 డిగ్రీల సెల్సియస్ దాటాలి. స్టవ్ మీద ఆ వేడి పది నిమిషాల్లో వస్తుంది. స్లో కుక్కర్ అక్కడికి చేరడానికే గంటలు పడుతుంది, చేరాక కూడా మరుగుకు కాస్త ఇవతలే ఆగుతుంది. మాంసం అంతకంటే తక్కువ వేడికే మెల్లగా మెత్తబడగలదు. అందుకే మాంసం, దుంపలు కలిపి వండేటప్పుడు దుంపల్ని అడుగున, గోడల పక్కన పేర్చమంటారు. మాంసం కన్నా కూరగాయే ఆలస్యంగా ఉడుకుతుందంటే మొదట నమ్మబుద్ధి కాదు, కానీ ఈ కుక్కర్లో జరిగేది అదే.

దీనికి తోడు పులుపు. పులుపున్న చోట పెక్టిన్ కరగడానికి మొరాయిస్తుంది. చింతపండు, టమాట, మామిడికాయ, నిమ్మరసం, ఏదైనా అంతే. పప్పు ఉడికాకే చింతపండు వేయమని అమ్మమ్మలు చెప్పేది ఇందుకే. పెద్ద మంట మీద ఆ మొరాయింపు మనకు పెద్దగా తెలియదు. తక్కువ వేడిలో అదే మొత్తం వంటను ఆపేస్తుంది. ఉప్పుతో ఈ బాధ లేదు, ముందే వేసుకోవచ్చు.

కాబట్టి మన దప్పళం రెండు విడతల వంట. ముందు ముక్కలు ఉడకాలి, ఆ తర్వాతే పులుపు.

కావలసినవి

6 క్వార్ట్‌ల కుక్కర్‌కు, అంటే సుమారు 5.7 లీటర్లదానికి లెక్క చెబుతున్నాను. నలుగురికి రెండు పూటలు వస్తుంది.

మొదటి విడతకు: తీపి గుమ్మడికాయ అరకిలో, చిలగడదుంప పావుకిలో, ముల్లంగి 150 గ్రాములు, ములక్కాడలు రెండు, చిన్న ఉల్లిపాయలు పది పన్నెండు, నిలువుగా చీల్చిన పచ్చిమిర్చి నాలుగు, పసుపు అర టీస్పూను, ఉప్పు రెండు టీస్పూన్లు, నీళ్లు 600 మి.లీ.

రెండో విడతకు: లేత వంకాయలు నాలుగు, బెండకాయలు ఎనిమిది, టమాటాలు రెండు, చింతపండు 40 గ్రాములు, బెల్లం తురుము రెండు మూడు టేబుల్ స్పూన్లు, కారం ఒక టీస్పూను, బియ్యప్పిండి ఒక టేబుల్ స్పూను.

పోపుకు నూనె, ఆవాలు, మెంతులు, జీలకర్ర, ఎండుమిర్చి, ఇంగువ, కరివేపాకు మామూలే.

అమెరికాలో మన గుమ్మడికాయ దొరకని ఊళ్లలో బటర్‌నట్ స్క్వాష్ వాడండి. రుచి దగ్గరగానే ఉంటుంది, పైగా ముక్క విడిపోదు. ఫ్రోజెన్ ములక్కాడలైతే సాధారణంగా ముందే కాస్త ఉడికించి ప్యాక్ చేసినవి కాబట్టి రెండో విడతలోకి మార్చండి. గడ్డకట్టినవి గడ్డకట్టినట్టే వేయొద్దు. కుక్కర్ వేడెక్కడమే ఆలస్యం, దాన్ని ఇంకా వెనక్కి లాగుతాయి.

మొదటి విడత

ముక్కల సైజు దగ్గరే సగం పని అయిపోతుంది. ఆలస్యంగా ఉడికేది చిన్నగా, తొందరగా ఉడికేది పెద్దగా కోయాలి. ముల్లంగి అర అంగుళం చక్రాలు, చిలగడదుంప అంగుళం ముక్కలు, ములక్కాడ వేలెడు పొడుగు. గుమ్మడికాయ మాత్రం తొక్కతోనే రెండు అంగుళాల ముక్కలు. తొక్క తీస్తే సాయంత్రానికి గుజ్జు మిగులుతుంది.

అడుగున ముల్లంగి, దాని మీద చిలగడదుంప, ములక్కాడలు, ఉల్లిపాయలు, అన్నిటికంటే పైన గుమ్మడికాయ. పసుపు, ఉప్పు, పచ్చిమిర్చి వేసి నీళ్లు బాగా మరిగించి పోయండి. చల్లటి నీళ్లు పోస్తే మొదటి గంట వాటిని వేడిచేయడానికే పోతుంది. ఒక జాగ్రత్త: కుండ ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిందైతే మరిగే నీళ్లు పోయొద్దు, పింగాణీ చిట్లిపోతుంది.

600 మి.లీ. నీళ్లు చూడగానే చాలవేమో అనిపిస్తుంది, ముక్కలు మునగను కూడా మునగవు. మునగక్కర్లేదు. మూత కింద ఆవిరి చుట్టూ చేరి మళ్లీ లోపలికే కారుతుంది, ముక్కలు తమ నీరు తాము వదులుతాయి. స్టవ్ లెక్కన నీళ్లు పోస్తే చివరికి మిగిలేది చారు.

హై మీద రెండున్నర నుంచి మూడు గంటలు, లో మీద ఆరేడు గంటలు. చాలా కుక్కర్లలో హై, లో రెండూ చివరికి చేరేది దాదాపు ఒకే వేడికి, ఎంతసేపట్లో చేరుతుందన్నదే తేడా. మధ్యలో మూత తీసి తొంగి చూడకండి. తీసిన ప్రతిసారీ ఇరవై, ముప్పై నిమిషాల వేడి పోయినట్టే. అయ్యిందో లేదో చూసేటప్పుడు గుమ్మడికాయను నమ్మొద్దు, అడుగున ఉన్న ముల్లంగికి చాకు గుచ్చి చూడండి. చాకు అడ్డు లేకుండా దిగితేనే రెండో విడతకు వెళ్లాలి. దిగకపోతే ఇంకో అరగంట ఆగండి. ఇక్కడ తొందరపడి పులుపు పోస్తే ఆ ముక్కలు ఆ రోజుకి ఇక మెత్తబడవు.

రెండో విడత

మీరు ఒక బాణలి కడగాల్సిందే. అన్నీ ఒకే కుండలో అయిపోతాయని ఈ కుక్కర్ల డబ్బా మీద రాసి ఉంటుంది. మన వంటకు ఆ మాట పనికిరాదు. వేయించడమన్నది ఇందులో జరగదు, పచ్చివాసన ఇందులో పోదు.

బాణలిలో రెండు స్పూన్ల నూనె వేసి బెండకాయల్ని జిగురు పోయేదాకా, వంకాయ ముక్కల్ని రంగు మారేదాకా విడివిడిగా వేయించి తీయండి. చింతపండును ఒక కప్పు వేడి నీళ్లలో ముందే నానబెట్టి చిక్కగా రసం తీసి ఉంచుకోండి. అదే బాణలిలో ఆ రసం, టమాట ముక్కలు, కారం, బెల్లం వేసి ఏడెనిమిది నిమిషాలు తెర్లనివ్వండి. చింతపండు పచ్చివాసన పోవాలంటే మూత లేకుండా మరగాలి. మూత బిగించి ఉండే కుక్కర్లో ఆ వాసన ఎక్కడికి పోతుంది? అందులోనే తిరుగుతూ ఉంటుంది. చివర్లో పావు కప్పు చల్లటి నీళ్లలో కలిపిన బియ్యప్పిండి పోసి రెండు నిమిషాలు తిప్పితే రసం చిక్కబడుతుంది. పిండి నేరుగా కుక్కర్లో కలిపితే అది ఉడకడానికి ఇంకో గంట కావాలి, పైగా ఉండలు కడుతుంది.

మరుగుతున్న ఈ రసాన్ని, వేయించిన ముక్కల్ని కుక్కర్లోకి దించి, గరిటెతో కెలక్కుండా కుండ అంచుల వెంబడి మెల్లగా కదిలించండి. హై మీద నలభై నిమిషాలు చాలు. ముక్కలకు పులుపూ తీపీ పట్టడానికే ఈ సమయం, ఉడకడానికి కాదు.

పోపు వడ్డించే ముందే. ఇంగువ, కరివేపాకు పొద్దున్నే వేస్తే సాయంత్రానికి వాటి జాడ కూడా ఉండదు. మెంతులు ఎర్రగా వేగితే చాలు, నల్లబడితే పులుసంతా చేదెక్కుతుంది.

ఆఫీసు రోజుల్లో పొద్దున తొమ్మిదికి లో మీద మొదటి విడత పెట్టి వెళ్లొచ్చు. పెట్టి వెళ్లాక తిరిగి రావడానికి ఏడు గంటల కన్నా ఎక్కువసేపు పట్టేట్టయితే గుమ్మడికాయను మూడు అంగుళాల ముక్కలుగా కోయండి. టైమర్ ఉంటే దాన్ని ఆరున్నర గంటల సేపు వండేట్టు పెట్టండి, తర్వాత అదే వార్మ్‌లోకి మారుతుంది. వార్మ్ అనేది వండింది చల్లారకుండా ఉంచడానికి మాత్రమే, దాని మీద వండకూడదు. మిగిలిన పులుసు మర్నాడు వేడి చేయాలన్నా స్టవ్ మీదే, ఇందులో కాదు.

పులుసులో అలసందలు వేసే అలవాటున్నవాళ్లు నానబెట్టి మొదటి విడతలోనే వేసుకోవచ్చు. రాజ్మా మాత్రం పచ్చివి ఎప్పుడూ వేయొద్దు. వాటిలో కడుపును అతలాకుతలం చేసే ఒక విషపదార్థం ఉంటుంది. గట్టిగా మరిగితేనే అది నశిస్తుంది, తక్కువ వేడికి ఇంకా పెరిగే ప్రమాదం ఉంది. కనీసం ఐదు గంటలు నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో స్టవ్ మీద అరగంట మరిగించాకే కుక్కర్లోకి.

ఈ కుక్కర్ పుట్టిందే గింజలు ఉడికించడానికి. షికాగోలో ఉన్న ఇర్వింగ్ నాక్సన్ అనే ఆవిష్కర్తకు 1940లో దీని పేటెంట్ దక్కింది. ఆయన తల్లి చిన్నప్పుడు విల్నా నగరంలో చూసిన ఒక పద్ధతి ఆయనకు చెప్పేదట: యూదులు విశ్రాంతి దినాన మంట వెలిగించరు కాబట్టి, ముందురోజు సాయంత్రమే చోలెంట్ అనే గింజల కూర కుండను బేకరీకి పంపి, చల్లారుతున్న పొయ్యిలో రాత్రంతా ఉంచేవారు. నాక్సన్ కంపెనీని 1970లో రైవల్ అనే మరో కంపెనీ కొనుక్కుంది, ఆ మరుసటి ఏడాది క్రాక్ పాట్ అనే పేరుతో మార్కెట్లోకి తెచ్చింది. మనవాళ్లు పిడకల దాలి మీద పాలకుండ పెట్టి పగలంతా కాచింది కూడా ఇలాంటి వేడి మీదే. కానీ దాలిలో పులుసు కాచేవాళ్లు కాదు. దానికి రాచ్చిప్ప, అంటే రాతి గిన్నె, దాని కింద మంచి మంట ఉండేవి. అందుకే పాల దగ్గర పనికొచ్చే ఓపిక పులుసు దగ్గర కొంతవరకే పనికొస్తుంది, మిగతాది బాణలి చూసుకోవాలి.

రాచ్చిప్పతో ఈ పింగాణీ కుండకు రెండు పోలికలున్నాయి. పులుపుతో రెండిటికీ పేచీ లేదు, వేడి ఆపాక కూడా చాలాసేపు చల్లారవు. అందుకని గుమ్మడికాయ మరీ మెత్తబడుతోందనిపిస్తే ఆపేసి ఊరుకోవద్దు, కుండను బేస్‌లోంచి బయటికి తీసి గుడ్డ మీద పెట్టండి.

ఇండియాకు వెళ్తూ అమ్మానాన్నలకు అమెరికా కుక్కర్ తీసుకెళ్లాలనుకునేవాళ్లకు ఒక మాట: అది 120 వోల్టులది, మన ఇళ్లలో వచ్చేది 230. తగిన ట్రాన్స్‌ఫార్మర్ లేకుండా పెడితే కాలిపోతుంది. అక్కడే కొనడం మేలు.

ఈ వారం అభ్యాసం

ముల్లంగి ఒకటి తీసుకుని అర అంగుళం చక్రాలుగా కోయండి. సగం చక్రాలను ఒక చిన్న గాజు సీసాలో మామూలు నీళ్లతో, మిగతా సగాన్ని ఇంకో సీసాలో చింతపండు నీళ్లతో వేయండి. మూతలు బిగించొద్దు. వేడికి తట్టుకునే సీసాలే వాడండి. రెండిటినీ కుక్కర్లో నిలబెట్టి, చుట్టూ సగం ఎత్తు వరకు గోరువెచ్చని నీళ్లు పోసి హై మీద నాలుగు గంటలు ఉంచండి. తర్వాత రెండిట్లోనూ చాకు గుచ్చి చూసి, ఎంత తేడా ఉందో మీ నోట్‌బుక్‌లో రాసుకోండి. మీ కుక్కర్‌కు మొదటి విడత ఎన్ని గంటలు కావాలో కూడా అప్పుడే తెలుస్తుంది, ఎందుకంటే ఏ రెండు కుక్కర్లూ ఒకే వేగంతో వేడెక్కవు.

వచ్చే పాఠం గుత్తొంకాయ. నీళ్లు చుక్క కూడా పోయం, కుక్కర్ మూత కింద ఒక పొడి గుడ్డ కావాలి.