ఊరి జనాభా లెక్కలు చదవడం – 4వ పాఠం: ముందు హారం చూడండి

మన నమూనా ఊరు తమిళనాడులోని కాంచీపురమే. కిందటి పాఠంలో 2011 జనగణన ప్రాథమిక సారాంశంలో కంచి మునిసిపాలిటీ వరస చూశాం. ఆ అంకెలు పక్కన పెట్టుకోండి: మొత్తం జనం 1,64,384, 0–6 ఏళ్ల పిల్లలు 15,955, ఇళ్లు, అంటే కుటుంబాలు, 41,807. ఇవాళ వీటితో శాతాలు కడదాం.

కంచి అక్షరాస్యత కొన్నిచోట్ల 79.51 శాతమనీ, కొన్నిచోట్ల 88 శాతమనీ కనబడుతుంది. రెండింటిలోనూ లవం ఒకటే: చదవడం, రాయడం వచ్చినవాళ్లు, దాదాపు 1,30,700 మంది. మారింది హారం. మొదటిది చంటిపిల్లలతో సహా అందరితో భాగించిన ముడి రేటు. జనగణన శాఖ చెప్పే రేటుకు ఏడేళ్లు నిండినవారినే తీసుకుంటారు. 1,64,384 నుంచి 15,955 తీసేస్తే 1,48,429. దానితో భాగించండి, 88.06 వస్తుంది.

చాలామంది ఈ 79.51ని దేశ సగటు 73 పక్కన పెట్టి, కంచి ఆరున్నర పాయింట్లు ముందుందని రాసేస్తారు. ఆ 73 ఏడేళ్లు దాటినవారి రేటు, పైగా పల్లెలు కూడా కలిసినది. పట్టణాన్ని పట్టణాలతోనే పోల్చాలి. 2011లో దేశంలోని పట్టణాల అక్షరాస్యత సుమారు 84. అంటే కంచి ముందున్నది నాలుగు పాయింట్లే.

స్త్రీ పురుష నిష్పత్తి దగ్గర ఇంత చిక్కు లేదు. వెయ్యిమంది మగవాళ్లకు 1,005 మంది ఆడవాళ్లు. దేశంలోని పట్టణాల సగటు 929. అయితే అక్కడే ఆగకండి. పిల్లల్లో మగ 8,158, ఆడ 7,797. రెండో అంకెను వెయ్యితో గుణించి మొదటిదానితో భాగిస్తే 956. మొత్తం నిష్పత్తి బాగున్నంత మాత్రాన చిన్నపిల్లల్లోనూ అలాగే ఉందనుకోకూడదు. ఈ రెండు అంకెలనూ ఎప్పుడూ జంటగానే రాయండి.

ఇక అసలైన మెలిక, పనివాళ్ల లెక్క. మొత్తం 61,567 మంది. ఏడాదిలో ఆరు నెలలు, అంతకు మించి పనిచేసినవారు ప్రధాన శ్రామికులు, తక్కువ చేసినవారు ఉపాంత శ్రామికులు. ప్రధాన శ్రామికుల్లో సేద్యగాళ్లు 320, వ్యవసాయ కూలీలు 317, గృహ పరిశ్రమవాళ్లు 8,865, ఇతరులు 47,608. ఉపాంత శ్రామికులు 4,457. కూడి చూడండి, సరిగ్గా మొత్తం రావాలి. రాకపోతే ఎక్కడో అంకె తప్పు ఎక్కించారన్నమాట.

గృహ పరిశ్రమ వాటా కట్టేటప్పుడు 61,567తో భాగిస్తే 14.4 వస్తుంది, అది తప్పు. 8,865లో ఉపాంత శ్రామికులు లేరు కాబట్టి హారంలోనూ వాళ్లు ఉండకూడదు. ప్రధాన శ్రామికుల మొత్తం 57,110తో భాగించండి: 15.5 శాతం.

పట్టుచీరల ఊరు గనుక ఈ 15.5ను నేతగాళ్ల శాతం అనేయాలనిపిస్తుంది. అనకండి. పట్టణాల్లో గృహ పరిశ్రమ అంటే ఆ కుటుంబం ఉండే ఇంటి ఆవరణలో నడిచేది మాత్రమే. ఇంట్లో మగ్గం ఉన్నవాళ్లు ఇందులోకి వస్తారు. అదే చీరను ఇంటి బయట, షావుకారు షెడ్డులో నేసేవాళ్లు ‘ఇతరుల’ గడిలోకి పోతారు. పైగా ఇంట్లో అప్పడాలు చేసి అమ్మేవాళ్లూ ఈ 8,865లోనే ఉంటారు. నేతగాళ్ల సంఖ్య కావాలంటే చేనేత గణన చూడాలి.

అభ్యాసం: వెయ్యిమంది మగవాళ్లకు 1,005 మంది ఆడవాళ్లు కాబట్టి 1,64,384ను 2.005తో భాగిస్తే మగవాళ్ల సంఖ్య ఉజ్జాయింపుగా తెలుస్తుంది. మిగిలినవాళ్లు ఆడవాళ్లు. రెండు వైపులా పిల్లల్ని తీసేసి, ఏడేళ్లు నిండినవారిలో నిష్పత్తి కట్టండి. 1,010 దగ్గర రావాలి. వచ్చే పాఠంలో ఊరి హద్దులు మారినప్పుడు పాత, కొత్త జనాభాలను ఎలా పోల్చాలో చూద్దాం. 2021లో కార్పొరేషన్ అయిన కంచికి అది తప్పనిసరి పని.