కథలో మరపు మంచును నమ్మించడం ఎలా?

జ్ఞాపకాలను చెరిపివేసే పొగమంచును కథలో కల్పించదలచినవారు ముందుగా అసలు పొగమంచు స్వభావాన్ని తెలుసుకోవాలి. ఆకాశం నిర్మలంగా, గాలి నిలకడగా ఉన్న శీతాకాలపు రాత్రి నేల వేడిని కోల్పోయి, దానిని ఆనుకున్న తేమగాలి చల్లబడి, అందులోని ఆవిరి సన్నని నీటి బిందువులుగా మారినప్పుడు లంబసింగి వంటి మన్యం ప్రాంతాల్లో మంచు కమ్ముకుంటుంది. ఎండ ఎక్కేకొద్దీ విడిపోతుంది. కాబట్టి మీ మరపు మంచు కూడా పల్లంలోనే చిక్కబడాలి, గాలి వీస్తే పలచబడాలి.

ఏది చెరిగిపోవాలన్నది అంతకన్నా ముఖ్యం. మెదడు దెబ్బతిన్నప్పుడు సాధారణంగా పాత జ్ఞాపకాలకన్నా ఇటీవలివే ముందు పోతాయని 1881లో ఫ్రెంచి మనస్తత్వవేత్త రిబో ప్రతిపాదించాడు. చేతికి అలవాటైన పనులు మాత్రం చాలాకాలం నిలుస్తాయి. అందువల్ల మంచులో చిక్కుకున్న అవ్వ, నిన్న వచ్చిన మనవరాలిని ‘ఎవరమ్మా నువ్వు?’ అని అడగవచ్చు గాని, ఆ మాట అంటూనే అడ్డాకులు పేర్చి, చీపురుపుల్లను తుంచి గుచ్చుతూ విస్తరి కుట్టగలగాలి. నా దృష్టిలో కథకు ప్రాణం ఇక్కడే ఉంది. పోయిన జ్ఞాపకాలు తిరిగి వస్తాయా, రావా అన్నది రాయడం మొదలుపెట్టకముందే తేల్చుకుని, చివరివరకు ఆ నియమాన్ని తప్పకండి.