డీవీడీని ఫైల్‌గా మార్చే ముందు

– డిస్క్‌ని లైటు కింద పట్టి చూడండి. వేలిముద్రలు ఉంటే మెత్తటి పొడిగుడ్డతో మధ్య నుంచి అంచు వైపు తిన్నగా తుడవండి. గుండ్రంగా రుద్దితే పడే గీత డేటా వెంటే సాగుతుంది, డ్రైవ్ చదవలేదు.

– కంప్యూటర్‌లో ఖాళీ చూసుకోండి: ఒక పొర డిస్క్‌కి 4.7 జీబీ, రెండు పొరలదైతే 8.5 జీబీ దాకా.

– నాణ్యత అస్సలు తగ్గకూడదంటే మళ్లీ ఎన్‌కోడ్ చేయకండి (అంటే వీడియోని కొత్తగా కుదించి రాయకండి). మేక్‌ఎమ్‌కేవీ అనే ప్రోగ్రామ్‌తో వీడియోని ఉన్నదున్నట్టు ఎమ్‌కేవీ ఫైల్‌లోకి తీసుకోండి. సైజు తగ్గించక తప్పదంటే హ్యాండ్‌బ్రేక్ అనే ప్రోగ్రామ్‌లో హెచ్.264 (వీడియోని కుదించే పద్ధతి) ఎంచుకుని, ఆర్‌ఎఫ్ (నాణ్యతను నిర్ణయించే అంకె) 18–20 మధ్య పెట్టండి. కదులుతున్న చేతుల అంచున దువ్వెన పళ్లలా గీతలు కనిపిస్తే వాటిని తీసేసే డీఇంటర్‌లేస్ ఆన్ చేయండి. రిజల్యూషన్ మాత్రం పెంచొద్దు. ఫైల్ బరువెక్కడమే తప్ప లేని వివరం రాదు.

– ఫైల్ చివరిదాకా చూసి, ఇంకో కాపీ తీసేవరకు డిస్క్ పారేయకండి. ఇంట్లోవాళ్ల వీడియోలైతే మరీను.